నా కొడుకు తెచ్చిన సాక్షి

1993 డిసెంబరు 9, గురువారం. అలీపూర్ కోర్టు, కలకత్తా.

మా అబ్బాయి రామనాథం తన ఫిర్యాదుకు సాక్షిగా నన్ను ఈ ఉదయం ఇక్కడికి తీసుకొచ్చాడు. బయట వరండాలో బెంచీ మీద కూర్చున్నాడు. బెంగాలీ నాకు వచ్చు. ప్రమాణం చేసి చెప్పేది మాత్రం తెలుగులో రాసిస్తానంటే మేజిస్ట్రేటు గారు ఒప్పుకున్నారు.

నా పేరు పెమ్మరాజు వేదవతి. వయసు అరవై ఎనిమిది. భర్త లేరు. లెక్కల ఉపాధ్యాయినిగా పనిచేసి రిటైరయ్యాను. భవానీపూర్‌లో కాపురం.

జయలక్ష్మి నా కూతురి కూతురు. తల్లి పోయాక, ఏడో ఏట నుంచి నా దగ్గరే పెరిగింది. ఇప్పుడు ఇరవై మూడు నిండాయి. అది పుట్టినప్పుడు నేను గది బయటే ఉన్నాను. వయసు గురించి ఇంకొకరిని అడగనక్కర్లేదు.

రామనాథం దానికి మేనమామ. బ్యాంకు ఉద్యోగి. ముప్పై ఆరేళ్ళు. వాడికి జయలక్ష్మినిచ్చి చెయ్యాలనుకున్నాం. ఈ మాట నోటితో చెప్పినప్పుడు మేజిస్ట్రేటు గారు "సొంత మామకా?" అని రెండుసార్లు అడిగారు. అవును. మాలో అది వరస. నేనూ మా మేనమామనే చేసుకున్నాను. ఇష్టమేనా అని నన్నెవరూ అడగలేదు. అడగాలని నాకూ తోచలేదు.

జయలక్ష్మికి మూడేళ్ళప్పుడు, అది మా ఇంటికి వచ్చినప్పుడల్లా చుట్టాలు "నీ మొగుడేడే?" అనేవారు. అది పరుగెత్తి రామనాథం మోకాళ్ళు పట్టుకునేది. అందరం నవ్వేవాళ్ళం. మా ఇళ్ళలో ఆడపిల్లలను ఇలాగే ఆటపట్టిస్తారు. మా అబ్బాయి ఆ ఆటను ఇచ్చిన మాటగా తీసుకుని, వచ్చిన సంబంధాలన్నీ వద్దన్నాడు. నేనూ మాటగానే తీసుకున్నాను. అలాగైతే పిల్ల ఇంట్లోనే ఉండిపోతుంది.

డిసెంబరు 3, శుక్రవారం, మధ్యాహ్నం మూడున్నర. రామనాథం బ్యాంకులో ఉన్నాడు. జయలక్ష్మి పెట్టె సర్దుకుని నా ముందుకొచ్చింది. వెంకటేశుని రిజిస్టరు పెళ్లి చేసుకుంటున్నానని, నోటీసు గడువు సోమవారంతో తీరుతుందని, అంతవరకు స్నేహితురాలి ఇంట్లో ఉంటానని చెప్పింది. వెంకటేశు దాని ఆఫీసులోనే గుమాస్తా. ఇల్లు వాట్‌గంజ్. తండ్రి బంగారయ్య కార్పొరేషన్ నీళ్ళ పంపుల దగ్గర పనివాడు. వాళ్ళూ తెలుగువాళ్ళే. ఇన్నేళ్ళలో మేము వాళ్ళ గడప తొక్కలేదు, వాళ్ళను మా గడప తొక్కనివ్వలేదు.

నేను కోప్పడ్డాను. వరసైనవాణ్ణి కాదని కులం కానివాణ్ణి చేసుకుంటావా అన్నాను. అది గొంతు పెంచలేదు.

"మావయ్య నాకు సైకిలు నేర్పాడు అమ్మమ్మా. జ్వరమొస్తే దోసిట్లో కక్కించుకున్నాడు. నాకాయన మావయ్యే. వరస మీరు కలిపారు, నేను కలపలేదు."

తల సరిగ్గా దువ్వుకోలేదని కూర్చోబెట్టి జడ వేశాను. అరగంట పట్టింది. జడకు అంతసేపు పట్టదు.

కింద నుంచి వెంకటేశు పిలిచాడు. "ఏటి మామ్మగారూ, పెట్టె అందుకోడానికి పైకి రమ్మంటారా, కిందే ఉండమంటారా?"

కిందే ఉండమన్నాను. ఉన్నాడు. పెట్టె జయలక్ష్మే మోసుకుని దిగింది. గడియ తీసింది నేను. వేసిందీ నేనే.

రాత్రి రామనాథం కంచం ముందు కూర్చుని జయలక్ష్మి ఏదని అడిగాడు. ఉన్నది చెప్పాను. అన్నం వదిలేసి పోలీసు స్టేషనుకు వెళ్లి, వెంకటేశు దాన్ని మెట్రో స్టేషను దగ్గర బలవంతంగా లాక్కెళ్ళాడని రాసిచ్చాడు. ఆదివారం ఇద్దరూ దొరికారు. అతన్ని కస్టడీలో, దాన్ని ప్రభుత్వ వసతి గృహంలో పెట్టారు. లాక్కెళ్ళడం కళ్ళారా చూశానని కోర్టులో చెప్పాలంటూ రామనాథం ఈ ఉదయం దారిలో నాచేత రెండుసార్లు అనిపించాడు. "నీకు మిగిలింది నేనొక్కణ్ణే కదమ్మా" అన్నాడు. అది నిజం. లాక్కెళ్ళడం మాత్రం జరగలేదు.

ఈ పెళ్లి నాకు ఇష్టం లేదు. నా ఇష్టంతో దీనికి పని లేదు.

ఇక జరగవలసినవి:

1. వెంకటేశుని ఇవాళే వదలాలి.

2. ఎక్కడికి వెళ్తావని జయలక్ష్మిని ఒంటరిగా అడగాలి. మా ఇంటివాళ్ళెవరూ, నేను కూడా, ఆ గదిలో ఉండకూడదు.

3. రామనాథాన్ని లోపలికి పిలిపిస్తే ఇది నేనే చదివి వినిపిస్తాను. ఇంకొకరి నోట వినకూడదు.

4. ఆ తర్వాత వాడు నాకోసం ఆగకుండా వెళ్ళిపోతే వెనక్కి పిలవవద్దు. నాకు ట్రాము తెలుసు.

పైన రాసిందంతా నా ఇంట్లో, నా ఎదుట జరిగింది, లేదంటే నా చెవిన పడింది. నాచేత అనిపించినది ఇందులో రాయలేదు.

(సంతకం)
పెమ్మరాజు వేదవతి