పత్తి అర్రకు తాళం

నా పేరు రామవ్వ. భర్త పేరు అంతయ్య. వయసు నలభై ఆరు. మాది జమ్మికుంట దగ్గర రేగులపల్లె. మూడెకరాల్లో పత్తి వేస్తాం. నాకు చదువు రాదు. మా ఊరి సాంబయ్య నా మీద ఇచ్చిన ఫిర్యాదును ఎస్సై గారు చదివి వినిపించారు. ఆయనను మా పత్తి అర్రలో పెట్టి తాళం వేశానని అందులో ఉంది. వేశాను. కాదని ఎక్కడా అనలేదు. ఎందుకు వేశానో కూడా రాసుకొమ్మని అడిగి, ఈ కింది సంగతులు చెబుతున్నాను.

సాంబయ్య నాకు మరిది వరస. విరిగిన ఎముకలకు కట్లు కడతాడు. పట్టేసిన చోట ఆముదం రాసి తోముతాడు. పక్క ఊళ్లవాళ్లు కూడా బండి తెచ్చి మరీ తీసుకుపోతారు.

మొన్న డిసెంబరులో నా భర్త మార్కెట్ యార్డులో పత్తి బండి మీది నుంచి జారి పడ్డాడు. మోకాలి కింద ఎముక విరిగింది. కరీంనగర్‌లో ఎముకల డాక్టరమ్మ సిమెంటు పట్టీ వేసి, ఆరు వారాలకు విప్పింది. విప్పిన నాలుగో రోజుకే కాలు తొడ దాకా వాచింది. మళ్లీ తీసుకుపోయాను. డాక్టరమ్మ రెండు కాళ్లనూ టేపుతో కొలిచింది. రక్తం తీసి హైదరాబాదు పంపించింది. ఆ పరీక్ష పేరు డి-డైమర్. నాకు ఇప్పటికీ నోరు తిరగదు, ఈ కాగితం రాస్తున్న సార్‌కు నా దగ్గరున్న రిపోర్టు చూపించాను.

జనవరి 29న పొద్దున తొమ్మిదింటికి మా ఊరి కైలాసం ఎస్టీడీ బూతుకు డాక్టరమ్మ ఫోన్ చేసింది. నేనే మాట్లాడాను.

"రామవ్వా, రిపోర్టు మస్తు ఎక్కువొచ్చింది. ఎక్కువొచ్చిందంటె రక్తం గడ్డ కట్టిందని ఖాయం కాదు. ఎముక విరిగినోళ్లకు, ఆపరేషనైనోళ్లకు, జొరమొచ్చినోళ్లకు, కడుపుతోని ఉన్నోళ్లకు సుత ఎక్కువొస్తది. గని నీ పెనిమిటి కాలు చూస్తె నాకు అనుమానమున్నది. ఇయ్యాలనే హైదరాబాద్ తీస్కపోయి స్కానింగ్ తీపియ్యి. అప్పటిదాక కాలును ఎవ్వల్ని తోమనియ్యకు. గడ్డ ఉంటె అది కదిలి ఊపిరితిత్తులల్లకు పోతది. మనిషి దక్కడు" అంది.

నేను ఉరుక్కుంటూ ఇంటికి వచ్చేసరికి సాంబయ్య అరుగు మీద కూర్చొని చేతులు రుద్దుకుంటున్నాడు. పిలిపించింది ఎవరో కాదు, నా మొగడే. నొప్పి ఓర్చుకోలేక పిలిపించాడు. నేను డాక్టరమ్మ చెప్పిందంతా చెప్పాను. సాంబయ్య నవ్వాడు.

"ఏంది వదినె, ఉన్నదో లేదో ఎరుక లేని గడ్డకు గింత పరేషానా? పట్టీ ఇప్పినంక కాలు వాయదా మరి? రెండు పూటలు తోమితె లేచి ఉరుకుతడు" అన్నాడు.

"స్కానింగ్ అయినంక తోముదువు తియ్యి" అన్నాను.

"నా కాలు, నా ఇష్టం. నువ్వు జర అవుతలికి జరుగు" అని నా మొగడు నా మీదికి లేచాడు. ఆ మనిషికి నొప్పి వస్తే నేనే శత్రువును. పక్కింటి బుచ్చవ్వ కూడా వాళ్ల వైపే. ముగ్గురూ ఒక్కటయ్యారు. నా దగ్గర ఏముంది? ఫోన్‌లో విన్న ఒక అనుమానం. అంతే.

సాంబయ్య పంచె ఎగ్గట్టి ఆముదం అడిగాడు. పత్తి అర్రలో గూట్లో ఉంది, తెచ్చుకొమ్మన్నాను. ఆముదం అక్కడ లేదు. ఆయన లోపలికి పోగానే తలుపు మూసి, గొళ్లెం పెట్టి తాళం వేశాను. తాళంచెవి బొడ్లో దోపుకున్నాను.

ఆయన తిట్టాడు. తలుపు గుద్దాడు. నేను కిటికీలోంచి రెండు జొన్న రొట్టెలు, మిరపకారం, చెంబుతో నీళ్లు ఇచ్చాను. తిన్నాడు. పత్తి మెత్తగా ఉంటుంది కదా, కాసేపటికి గురక వినిపించింది. ఫిర్యాదులో రొట్టెల సంగతి లేదు. అది కూడా రాయండి.

ఇక తోమేవాళ్లు లేరు కాబట్టి మా ఆయన తిట్టుకుంటూనే కదిలాడు. ఆటో పిలిచి, ఆయనను రైలు స్టేషనుకు తీసుకుపోయి, పన్నెండు గంటల రైలు ఎక్కించాను. సాయంత్రానికి పెద్దాసుపత్రిలో చేరాం. అక్కడి డాక్టరు కాలు చూసి, "ఎవరన్నా తోమిండ్రా?" అని అడిగాడు.

"లేదు సారూ, తోమెటాయన్ని అర్రలేసి తాళం పెట్టొచ్చిన" అన్నాను. అన్నాక చెయ్యి బొడ్డు మీదికి పోయింది. తాళంచెవి అక్కడే ఉంది. ఓ నా తల్లో, అంతవరకూ నాకు ఆ ధ్యాసే లేదు! వచ్చేటప్పుడు బుచ్చవ్వకు ఇచ్చి రావాలనుకున్నాను, మరిచిపోయాను. పరుగెత్తి కైలాసం బూతుకు ఫోన్ చేశాను. అప్పటికే ఊరివాళ్లు తాళం పగలగొట్టారట. బుచ్చవ్వ మా మాటలు కాగానే చేనుకు పోయింది, తాళం సంగతి ఆమెకు తెలియదు. పొద్దు వాలాక సాంబయ్య లేచి అరిస్తే జనం పోగయ్యారు. తలుపు తీస్తే ఒంటి నిండా పత్తితో బయటికి వచ్చాడు. చూసినవాళ్లు పత్తి దొంగ దొరికాడన్నారు.

స్కానింగులో తొడ నరంలో గడ్డ ఉందని తేలింది. పది రోజులు సూదులు వేశారు. ఇప్పుడు గోలీలు వాడుతున్నాడు. వాపు తగ్గింది. నిన్న పప్పుచారులో ఉప్పు తక్కువైందని నా మీద అరిచాడు. ఎంత సంతోషమైందో చెప్పలేను. అరవనీ, ఇంకా అరవనీ అనుకున్నాను.

"స్కానింగులో ఏమీ లేకపోయి ఉంటే?" అని ఎస్సై గారు అడిగారు. లేకపోతే ఇంకా మంచిదే కదా సార్. సాంబయ్య కాళ్లు మొక్కి, మా ఆయన కాలు ఆయన చేతికే అప్పజెప్పేదాన్ని. మళ్లీ అట్లాంటి రోజు వస్తే మళ్లీ తాళం వేస్తాను. ఈసారి తాళంచెవి మాత్రం బుచ్చవ్వకు ఇస్తాను.

సాంబయ్యకు జరిగిన అన్యాయం మాత్రం నిజం. ఆ రోజు నుంచి ఆయనను ఎవరూ ఇంట్లోకి పిలవడం లేదట. దొంగచేతులంటున్నారట. ఫిర్యాదు ఇచ్చింది అందుకే అని ఇందాక ఈ పోలీసు స్టేషను గేటు దగ్గర చెప్పాడు. చెబుతూనే మా ఆయనకు భుజం ఆసరా ఇచ్చి ఆటోలోంచి దించాడు. మోకాలి కింద చెయ్యి పెట్టబోయి వెనక్కి తీసుకున్నాడు.

"ముట్టొచ్చునా వదినె?" అని అడిగాడు. నాకు ఏడుపొచ్చింది.

అందుకని ఈ మాట ఊరి పంచాయతీ దగ్గర పది మందిలో చదివించాలని కోరుతున్నాను. సాంబయ్య మా పత్తిలో ఒక్క దూది పింజ కూడా ముట్టలేదు. దొంగ అని తాళం వేయలేదు. ఆయన చేతులు పడితే పని అయ్యేదాకా ఆగవు, అందుకు భయపడి వేశాను. ఏడేళ్ల కింద నేను బావి గట్టున పడి కుడి మణికట్టు కీలు తప్పితే, వెదురుబద్దలు కట్టి చక్కబెట్టింది ఆ చేతులే.

నేను చెప్పింది చెప్పినట్టే రాశారు, చదివి వినిపించారు, అంతా నిజం. సాంబయ్య బాగుచేసిన చేతితోనే దీనికింద వేలిముద్ర వేస్తున్నాను.

రామవ్వ, కుడి బొటనవేలి ముద్ర
12 ఫిబ్రవరి 1998