గవిని దగ్గర టెంకాయ

1921వ సంవత్సరం జూలై 11వ తేదీ సోమవారం నాడు శ్రీయుత నరసింహం పంతులుగారు మన కేశవాపురం వేణుగోపాలస్వామి దేవస్థానంలో గుమాస్తాగా ప్రవేశించినారు. ఈ జూన్ 30వ తేదీన పదవీ విరమణ చేసినారు. ఈ ఇరవై ఎనిమిదేళ్లలో ఇరవై రెండేళ్లు వారి కింద బంట్రోతుగా పనిచేసిన నన్ను వారి సన్మాన సంచికకు నాలుగు మాటలు రాయమన్నారు. అయిదో తరగతిలో బడి మానినవాడిని, తప్పులుంటే పెద్దలు మన్నించాలి.

పంతులుగారు వచ్చేనాటికి ఈ దేవస్థానంలో ఎవరి మర్యాద ఏదో ధర్మకర్తల నోటిలో వుండేది; వారి అవసరాన్నిబట్టి మారేది. పంతులుగారు అర్చకస్వాముల మొదలు కుమ్మరి వరకు సేవకులందరి ఇండ్లకు స్వయంగా పోయి, అడిగి, ఎవరి వంతు ఏదో ఒక పుస్తకంలో రాసి ‘దిట్టం’ అని పేరు పెట్టినారు. అందులో ఒక పంక్తి: ‘తేరు కదలకముందు గుడి గవిని వాకిలి వెలుపల డప్పు ఆదెయ్యకు మొదటి టెంకాయ, పంచె ఇచ్చి, అతడు డప్పు కొట్టిన పిమ్మటనే మోకు పట్టవలెను.’

1931లో ఒక ధర్మకర్త ఆ మొదటి టెంకాయ తనకు కావాలన్నాడు. పంతులుగారు దిట్టం తెరిచి ఆ పంక్తి పైకి చదివి, పుస్తకం మూసి, కళ్లద్దాలు తుడుచుకున్నారు. ఆ ధర్మకర్త మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

1947లో ఆలయ ప్రవేశ చట్టం వచ్చినప్పుడు వారికంటె సంతోషించినవారిని నేను చూడలేదు. మరుసటి ఏడు తిరునాళ్లకు ముందు ఆ పంక్తిని వారే స్వహస్తాలతో కొట్టివేసినారు. “లోపలికి వచ్చే మనిషికి బయట మర్యాద ఏంది రాజూ? ఇంక ధ్వజస్తంభం కాడనే ఇద్దాం” అన్నారు నాతో. కొత్త పంక్తి రాసి ధర్మకర్తల ముందు పెట్టినారు.

“చట్టం ముందు అందరూ సమానమే గదా పంతులూ, ఒకడికి ప్రత్యేకంగా టెంకాయ ఎందుకు?” అన్నారు ధర్మకర్తలు. సంతకం పెట్టలేదు.

తేరునాడు మొదటి టెంకాయ, ఓట్ల కోసం కర్నూలు నుంచి వచ్చిన నాయకుడికి ఇచ్చినారు. డప్పు భుజాన వేసుకుని ధ్వజస్తంభం దగ్గర నిలబడిన ఆదెయ్యను పక్కకు జరగమని చెప్పినవాడిని నేనే. బ్యాండు మేళంతో తేరు కదిలింది.

వారం తరువాత పంతులుగారు నన్ను వెంటబెట్టుకుని ఆదెయ్య ఇంటికి పోయినారు. ఆదెయ్య భార్య చేట పట్టుకుని గడపలోనే నిలబడి, “గుడి తలుపులు తెరిసినారంట గదా సామీ, ఇంగ మా ఇంటికి పనేంది?” అన్నది. పంతులుగారు తలవంచుకున్నారు.

“నువ్వుండవే” అని ఆదెయ్య బయటికి వచ్చినాడు. “పంతులయ్యా, బయట నిలబడినన్నాళ్లు నేనెవరో తేరుకు గూడా తెలుసు. లోపలికొచ్చినాక ఎవురికీ తెలీకుండా పోయినా.”

“తప్పు నాది ఆదెయ్యా. కొత్తది రాయించకుండా పాతది కొట్టేసినా.”

“నువ్వు మంచికే కొట్టేసినావులే సామీ. అందుకే నిన్ను తిట్టనుగూడా లేకుండా వుండా” అని ఆదెయ్య నవ్వినాడు.

ఆనాటినుంచి పంతులుగారు మద్రాసులోని దేవాదాయ బోర్డుకు నాలుగు అర్జీలు రాసినారు. నాలుగూ నేనే తపాలాలో వేసినాను. జవాబు లేదు. ఈ ఏడు తేరూ డప్పు లేకుండానే కదిలింది. ఈ సంగతి రాయవచ్చునా అని అడిగితే, “రాస్తే అదే రాయి, తక్కినవి అందరూ రాస్తారు” అన్నారు పంతులుగారు.

సన్మానం నాడు ధర్మకర్తలు ఇచ్చిన పంచె, టెంకాయ వారు ఇంటికి తీసుకుపోలేదు. కచ్చేరిలో దిట్టం పుస్తకం మీద పెట్టిపోయినారు. వారి ధర్మపత్ని సౌభాగ్యమ్మగారు వాటిని ఏమి చేయాలో తెలియక నన్ను అడిగినారు. నాకూ తెలియలేదు.

పంతులుగారు, సౌభాగ్యమ్మగారు ఆరోగ్యంతో నిండు నూరేళ్లు వుండాలని అందరితోపాటు నేనూ స్వామిని వేడుకుంటున్నాను. ఆదెయ్యకు డెబ్బై దాటినవి. నేను పక్కకు జరగమన్న ఆ చోటనే ఆదెయ్య మళ్లీ నిలబడి డప్పు కొట్టాలి, పంతులుగారు దగ్గర వుండి వినాలి. అంతవరకైనా ఆ ఇద్దరి ఆయువు స్వామి నిలుపుగాక.

కాటమరాజు, దేవస్థానం బంట్రోతు