కటక్ నుంచి తిరిగొచ్చిన బాట కేసు

నిధి బారిక్ బెంచీ మీద కూర్చున్న ముసలాయనకి తువ్వాలు చుట్టి, కళ్ళు తప్ప ముఖమంతా నురగ పూశాడో లేదో, పక్కనే అందరూ మౌసి, అంటే పిన్ని, అని పిలిచే కుంతల టీకొట్టులో ఖేత్రబాసి గొంతు లేచింది. ఆ గొంతు లేచిందంటే కోర్టు గేటు దగ్గర రిక్షావాళ్ళు కూడా బేరాలు మానేసి చెవులు ఇటు పారేస్తారు.

"గెలిచాను మౌసీ! కటక్ పెద్దకోర్టులో గెలిచాను! నా తమలపాకు తోటకి బాటే లేదన్న ఈ కింది కోర్టు తీర్పుని అక్కడ కొట్టిపారేశారు!"

"కొట్టేసి బాట ఇచ్చేశారా?"

"ఇస్తారు, ఎక్కడికి పోతుంది? ముందు మళ్ళీ ఇక్కడే విచారించమని తిప్పి పంపారు, రేపే వాయిదా. అది చిన్న విషయంలే. అక్కడ జరిగింది విను. మా లాయరుగారు కాగితాల్లో తడబడుతుంటే వెనక నుంచి 'నలభై రెండో పేజీ బాబూ' అన్నాను. అంతే, ఇంత మెల్లగా అన్నాను. జడ్జిగారు తలెత్తారు. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"బయటికి గెంటారు," అన్నాడు కోర్టు బయట టైపు కొట్టే గౌరాంగ, బొరుగులు నములుతూ.

"గెంటడమా! 'ఖేత్ర బాబూ, ముందుకి రండి, ఈ లాయర్లతో వేగలేకపోతున్నాను' అన్నారు. పొద్దున పదిన్నరకి మొదలెట్టానా, భోజనాలకి ఒక్కడు లేస్తే ఒట్టు. పక్క గదుల్లో జడ్జీలు కేసులు వదిలేసి వచ్చి గుమ్మాల్లో నిలబడ్డారు, పధ్నాలుగు మంది!"

"నిన్న తొమ్మిది మందే అన్నావు."

"మిగతా అయిదుగురూ ఆలస్యంగా వచ్చార్రా! అడ్డు రాకు. పక్కవాడు బాటకి అడ్డంగా గోడ కట్టాడు బాబూ, మా ఆవిడ ఆకుల బుట్ట నెత్తిన పెట్టుకుని ఊరంతా చుట్టి వచ్చేసరికి ఆకు వాడిపోతోంది బాబూ అన్నాను. పెద్ద జడ్జిగారు కళ్ళజోడు తీసి ఏడ్చారు. ఆ ఏడుపుకి కాఠజోడి నది రెండడుగులు పెరిగి కోర్టులోకి వచ్చేసింది, నా ఫైలు కొట్టుకుపోయింది! ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"నువ్వు దూకావు."

"దూకానా, నల్లకోట్లతో ఇద్దరు జడ్జీలు నా వెనకే దూకారు! చూస్తే ఫైలు మొసలి నోట్లో ఉంది. దవడ రెండు చేతులా పట్టుకుని 'నలభై రెండో పేజీ వదులు' అన్నాను. మిగతాదంతా మింగేసింది గానీ, ఆ ఒక్కటీ మర్యాదగా ఉమ్మేసింది!"

"మాటలు కోటలు దాటుతాయి," అంది మౌసి, నవ్వాపుకోలేక.

నిధి కత్తి ఆపాడు. నురగ కింద దవడ నవ్వుతో కదిలిపోతోంది. ఆయన అగాధు బెహెరా. నలభై అయిదేళ్ళ కిందట ఆ బాటలో ఎర్రరాళ్ళు పరిచిన చేతులు ఆయనవే. ఆయన మాట వినకుండానే కింది కోర్టు తీర్పిచ్చింది. ఆ మనిషి మాట విని మళ్ళీ తేల్చమనే కటక్ వాళ్ళు కేసుని వెనక్కి పంపారు. ఒకరోజు ముందే బస్సెక్కి వచ్చాడు. "ఇన్నేళ్ళకి కోర్టు నా మాట అడుగుతోంది, మాసిన గడ్డంతో పోతానా?" అని కూర్చున్నాడు. ఆ మాట నిధికి ఎంత నచ్చిందంటే, పెళ్ళికొడుక్కి చేసినంత శ్రద్ధగా చేస్తున్నాడు.

ఖేత్రబాసికి ఇంకా ఊపొచ్చింది.

"పెద్ద జడ్జిగారు తడిబట్టలతోనే అడిగారు, 'బాట ఉండేదనడానికి సాక్షి ఎవరయ్యా?' 'ఒకడుండేవాడు బాబూ, అగాధు అని రాళ్ళు పరిచిన కూలోడు, మొన్న వరదలో పోయాడు, నేనే చితి పేర్చాను. ఉన్నా ఏం లాభం, కోర్టు పేరు చెబితే పంచె తడుపుకునే పిరికిగొడ్డు. వాడెందుకు, నేను చాలనా?' అన్నాను. 'చాలు ఖేత్ర బాబూ!' అని ఏనుగు మీద ఆ పేజీ ఎక్కించి..."

నురగ కింద దవడ బిగుసుకుపోయింది. నిధి కత్తి వెనక్కి తీసేశాడు. కోపంగా ఉన్న చెంప మీద కత్తి పెట్టేంత తెలివితక్కువవాడు కాదు.

ముసలాయన లేచాడు. ఒక చెంప నున్నగా, ఒక చెంప నురగగా, తువ్వాలుతోనే టీకొట్టు ముందుకి వచ్చాడు.

"ఖేత్రా, నన్ను ఏ వల్లకాట్లో కాల్చావు?"

ఖేత్రబాసి గ్లాసులో టీ ఒలికిపోయింది. గౌరాంగ పొలమారి దగ్గాడు.

"తాతా... కథ రక్తి కడుతుందని..."

"పోయినవాడు సాక్ష్యం చెప్పడు కదా. మధ్యాహ్నం బస్సుకి పోతున్నాను."

ఖేత్రబాసి అడ్డంగా వచ్చి నిలబడ్డాడు. ఈయన వెళ్ళిపోతే బాట లేదు, గోడ ఉంటుంది, బుట్ట నెత్తిన పెట్టుకుని భార్య ఊరు చుట్టడమూ ఉంటుంది. తువ్వాలు కొస పట్టుకున్నాడు. "తప్పయింది తాతా. ఏం చెయ్యమంటే అది చేస్తాను."

అగాధు అతన్ని పైనుంచి కిందికి చూశాడు. "కటక్ వాళ్ళు నీ కేసుని మొదటికి పంపారు కదా, నేను నీ కథని మొదటికి పంపుతున్నాను. వీళ్ళ ముందే మళ్ళీ చెప్పు. ఈసారి నేను బతికుండాలి."

ఖేత్రబాసి తువ్వాలు కొస వదిలి మొదలెట్టాడు. ఇంత చిన్న గొంతు అతనికి ఉందని నిధికి ఆ రోజే తెలిసింది.

"ఆ రోజు నేను వరండాలో లాయరుగారి సంచి పట్టుకుని కూర్చున్నాను. లోపల ఏం జరిగిందో నాకు తెలీదు. ఆ రాళ్ళు పరిచింది అగాధు తాత. నేనప్పుడు పిల్లాణ్ణి, ఒక్కో రాయీ అందించాను. నేను కాక ఆ సంగతి తెలిసినవాడు ఆయనొక్కడే మిగిలాడు."

అగాధు వెనక్కి వచ్చి బెంచీ మీద కూర్చుని, తల ఎత్తి పట్టాడు.

"నిధీ, ఈ రెండో చెంప కూడా కానీయ్."