కోరుట్ల టాకీసుల నా నవ్వు

"నాయినమ్మా, ఫోను ఆన్ చేసిన. నేను తీసే సినిమకు కావాలె, తాత సినిమాలు సూసుడెందుకు బందువెట్టిండో జెప్పు."

ఏం జెప్పాలె బిడ్డా. మీ తాత మిలిట్రీల ఉండె గదా, బంగ్లాదేశ్ లడాయికి పోయిండు. కాళ్లు చేతులు మంచిగనే ఉండంగ తిరిగచ్చిండు. నీ అదృష్టమే అని వాడకట్టోళ్లందరు అన్నరు, నేను గూడ గట్లనే అనుకున్న. గని మన సిరిసిల్లల బట్ట నేసే గీ కరెంటు సాంచెలు నడుస్తయి సూడు, గా సప్పుడింటె ఆయిన చెవులు మూస్కోని ఇంట్లకు ఉరికేటోడు. సాంచెల మీదికి పోనే పోలె. ఇంట్ల కూసోని కండెలకు నూలు సుట్టేటోడు. అది ఆడోళ్ల పనాయె, నలుగురు నవ్విరి. నేను బీడీలు జేసేది, ఆయిన కండెలు సుట్టేది, గట్ల ఎల్లదీసినం.

కోరుట్లల మా అక్క ఉండె. అక్క బిడ్డ పురుడుకు... కాదు కాదు, లగ్గానికే పోయినం. తెల్లారి మా బావ అందరిని సినిమకు తీస్కపోయిండు. టికెట్టు ముప్పావలనో, రూపాయనో. అది లడాయి సినిమ అని నాకేం దెలుసు. తెర మీద బాంబు పడ్డదో లేదో, మీ తాత "పండుకోండ్రి, అందరు కింద పండుకోండ్రి" అని ఒర్లి, నన్ను కిందికి గుంజి నా మీద అడ్డం పడ్డడు. టాకీసంత నవ్వింది. నాకు సిగ్గయి, ఏం జెయ్యాల్నో తెల్వక నేను గూడ నవ్విన బిడ్డా. గది నా తప్పు.

ఆయిన లేసి, బట్టలు దులుపుకోని బయటికి పోయిండు. మల్ల ఎన్నడు సినిమకు రాలె. నన్ను ఒక్క మాట అనలె. తిట్టినా మంచిగుండు. ఆయిన సచ్చిపోయినంక గూడ గా నవ్వు యాదికస్తె నాకు బువ్వ దిగకపోయేది.

నోటుబుక్కుల ఏదో రాస్కునేటోడు. నాకు సదువు రాకపాయె, పెట్టెల దాసిపెట్టిన. నిన్న నువ్వే తీసి సదివితివి. మల్లొక్కసారి సదువు.

"దోస్తు మీద అడ్డం పడ్డ, వాడు సప్పుడు జెయ్యలె.
పెండ్లాం మీద అడ్డం పడ్డ, అది నవ్వింది.
ఇది బతికే ఉన్నది. ఇగ లేస్త."

గిదే. ఒక్కపారి నేను అడిగితే చెప్పునేమో. నేనే అడగలె.

నీ సినిమల బాంబుల సప్పుడు పెట్టకు బిడ్డా, నీకు పుణ్యముంటది. నా నవ్వు పెట్టు. ఉండు, నవ్వుత, రికార్డు చేస్కో.

ఏందో, అస్తలేదు. జర ఆగు.