రమాకాంత్ రీడింగ్ హాలు సగటు

అశోక్ నగర్ టీ కొట్టులో రమాకాంత్ నోరు తెరిచాడంటే గ్లాసుల్లో చాయ్ చల్లారాల్సిందే. పోటీ పరీక్షలకు చదివేవాళ్ల కోసం తాను నడిపే రీడింగ్ హాలు గొప్ప చెప్పుకోనిదే ఆయనకు పొద్దు గడవదు. ఆ రోజు స్వరూప మాత్రం చెవులప్పగించి వింటోంది. ఉద్యోగానికి వయసు దాటేలోపు ఆమెకు మిగిలింది ఒక్కటే పరీక్ష. చిక్కడపల్లి హాలు వదిలి ఈయన దగ్గర చేరాలా వద్దా అన్నది సాయంత్రానికల్లా తేల్చుకోవాలి.

"పెద్దగ చెప్పుకునుడు నాకు రాదు చెల్లె," అని మొదలుపెట్టాడు రమాకాంత్. "మీ హాలోళ్ల సగటు కన్న మా హాలోళ్ల సగటు పది మార్కులు ఎక్కువ, గంతే. ఎందుకో ఎర్కేనా? కిటికీ పక్క కుర్చీ! నారాయణగూడ నుంచి ఒకాయన వచ్చి అండ్ల గురక పెట్టి పండుకున్నడు, లేసి రాజ్యాంగం మొత్తం అప్పజెప్పిండు."

"నిద్రలోనే నేర్చుకున్నాడా అన్నా?" అన్నాడు స్వరూపతోపాటు చదివే సాయిచైతన్య.

"నిద్రల్నే! ఆ తర్వాత ఏమైందో తెల్సా? ఒక పావురం వచ్చి మోడల్ టెస్టు ఓఎంఆర్ షీటు మీద వాలి జవాబుల గడులు ముక్కుతోని పొడిసింది. కీ తీసి చూస్తే అన్ని కరెక్టే! దాని మార్కులు గూడ కలిపితే మా సగటు నూట అరవై రెండు."

"పేపరే నూట యాభైకి కదా!"

"మిగిలిన పన్నెండు వచ్చే టెస్టుకు జమ చేసినం తమ్మీ," అన్నాడాయన రెప్ప వాల్చకుండా.

అందరూ పగలబడి నవ్వారు. స్వరూపా నవ్వింది కానీ, ఆ మొదటి పది మార్కులు ఆమెను వదల్లేదు. రెండు గుంపుల సగటులు పోల్చాలంటే మనకు కావలసినవాళ్లనే ఏరుకోకుండా మనుషుల్ని తీసుకోవాలని పొద్దున్నే చదివింది. ఆమె రాసేది గణాంక శాఖ ఉద్యోగానికే.

"అన్నా, ఆ పది మార్కుల లెక్కల ఎవరెవర్ని అడిగినవ్?"

"రిజల్ట్స్ దినం ఈడనే నిలబడి అడిగిన. మిఠాయి డబ్బ పట్టుకొచ్చినోళ్లు మావోళ్లు. రూమ్ ఖాళీ చేసి బస్సుకు పోయేటోళ్లు మీవోళ్లు."

స్వరూపకు ఒళ్లు మండింది. "మా రూమ్‌ల సమ్మక్క మీ హాలులనే చదివింది, ఆ కిటికీ పక్క కుర్చీలనే. పరీక్ష తప్పి ఊరికి పోయింది. ఆమె మార్కులు కలిపినవా?"

రమాకాంత్ గ్లాసులోకి చూశాడు. "పోయినోళ్లు మావోళ్లు ఎట్లయితరు చెల్లె?"

"పావురానివి కలిపినవ్, సమ్మక్కవి కలపలే. రేపు నేను తప్పినా నీ సగటు మాత్రం తగ్గదన్నట్టు."

స్వరూప సంచి భుజాన వేసుకుని, తన పాత హాలుకే నడిచింది.