చొక్కా జేబులో చాక్లెట్

అబ్బా, మెల్లిగా అక్కా! జడ వేస్తున్నావా, జుట్టు పీకుతున్నావా? నవ్వకు. నీకేం, హాయిగా కాలేజీకి పోయావు. ఇస్త్రీ కొట్లో అమ్మ పక్కన నిలబడి చచ్చింది నేను.

ఇంకెవరు, వాడే. మా క్లాసు లీడరు. దొప్ప చెవులూ వాడూనూ! ఏం చూసుకుని అంత మిడిసిపాటో. ముక్కు చీదుకోవడం కూడా సరిగ్గా రాదు వెధవకి.

సరే, ఒప్పుకుంటా, ఒకప్పుడు బాగున్నాడనుకున్నా. ఒకప్పుడంటే... నిన్నటి దాకా. చాలా?

వాళ్లింటి బట్టల మూట వస్తే మడతలు నేనే పెడతానని పేచీ పెట్టేదాన్నిగా? నిన్న మడతపెడుతూ వాడి చొక్కా జేబులో చాక్లెట్ పెట్టా. నా పుట్టినరోజుకి నువ్వు కొనిచ్చావే, పల్చటిది, అదే. తినకుండా దాచుకున్నా. అలా చూడకు!

మడత పెట్టాక అది బాగా కూర్చోవడానికి అమ్మ పైనుంచి ఇంకోసారి ఇస్త్రీపెట్టె ఆనిస్తుంది కదా. పుట్టినప్పట్నుంచీ చూస్తున్నా. అయినా గుర్తు రాలేదు! నా అంత మొద్దు ఉంటుందా ఎక్కడైనా?

ఇవాళ పొద్దున్నే వాళ్లమ్మ చొక్కా పట్టుకుని కొట్టు మీదకొచ్చింది. తెల్ల చొక్కా మీద ఇంత మరక. వెనకాలే వాడు. అమ్మ ఊరుకుంటుందా? "మీవాడే జేబులో మరిచిపోయుంటాడు. మా పిల్ల పరాయి వస్తువు ముట్టుకోదు" అని నా తల మీద చెయ్యేసి మరీ వాదించింది.

ఒప్పుకునేదాన్నే అక్కా, ఒట్టు. నోరు తెరిచా కూడా. ఇంతలో వాళ్లమ్మ నన్ను చూపించి, "ఈ పిల్ల మీ క్లాసేనా?" అని వాణ్ణి అడిగింది.

"ఏమో, ఎవరో" అన్నాడు.

మూడేళ్లు! మూడేళ్లుగా వాడి వెనక బెంచీలోనే కూర్చుంటున్నా. ఛీ పో అన్నా ఏడ్చి ఊరుకునేదాన్ని. ఎవరో అట!

తెరిచిన నోరు మూసేశా. ఆవిడ కొట్లో ఇంకా ఇస్త్రీ కాని వాళ్ల బట్టల మూటంతా ఎత్తుకుపోయింది, ఇక మన కొట్టు గడప తొక్కనంది. అమ్మేమో ఇంకా నన్నే వెనకేసుకొస్తోంది, పిచ్చిది.

చెప్పెయ్ అమ్మకి, నాకేం భయం? ...వద్దులే అక్కా, చెప్పకు.

ఏడవట్లేదు. నువ్వు జుట్టు లాగుతున్నావు, అందుకే.

రేపట్నుంచి నేనూ వాడెవరో తెలీనట్టే ఉంటా. ఎదురొస్తే తల తిప్పేసుకుంటా. కానీ ఏం లాభం చెప్పు? తిప్పుకున్నానని వాడికి తెలిస్తేగా.