చెంప కింది నరం

జర నోరు... నువ్వు నోరెక్కడ తెరుస్తవ్ లే, పండ్లకు తీగెలు కట్టిరి గదా. సందుల నుంచే పీల్చు. రాగిజావ వడగట్టి వడగట్టి నా చేతులు గుంజుతున్నయి, నువ్వేమో సగం మెడ మీదికెంచి కార్చుకుంటున్నవ్! పొద్దుగాల సంది మూడు దుప్పట్లు మార్చిన. సిస్టర్ నన్ను తిడుతున్నది, నిన్ను గాదు.

గట్ల గుడ్లురుమకు. పన్నెండేండ్ల సంది నువ్వన్నవ్, నేనిన్న. ఇయ్యాల జర నువ్విను.

ఆపరేషన్ల ఏమైందో నీకెవ్వలు చెప్పలే గదా? మీ అవ్వ శంకరవ్వ బయట కూసొని "ట్రాక్టర్ మీదికెంచి పడ్డడు సారూ" అని ఒకటే ఏడ్సుడు. కొడుకు పానం కన్నా, కోడలు కొట్టిందని ఊరంత తెలిస్తే ఇజ్జత్ పోతదని ఆమె ఫికర్.

గంతల ఆమని డాక్టరమ్మ బయటికొచ్చింది. మొహం పాలిపోయి ఉన్నది ఆమెకు. నీ ఇరిగిన చెంప ఎముకను కొక్కెంతోని పైకి లేపంగనే నీ గుండె ఆగిందట! ఒకటి గాదు రెండు గాదు, పది సెకండ్లు. కొక్కెం ఇడిచిపెట్టంగనే మల్ల కొట్టుకున్నదట.

"ఇరిగింది చెంప గదా మేడం, గుండెకేమాయె?" అన్న. ఆమె నన్ను కూసోబెట్టి చెప్పింది. మొహంలకెళ్లి మెదడుకు ఒక నరం పోతదట. దాన్ని గట్టిగ ఒత్తినా, గుంజినా, మెదడు బెదిరి గుండెను మెల్లగ కొట్టుకొమ్మంటదట. ఒక్కోసారి గుండె మొత్తానికే ఆగుతదట.

"దెబ్బ తగిలినా గిట్లనే అయితదా మేడం?" అని అడిగిన. "అందరికి గాదు, కొందరికి" అన్నది. అని నా చెంప దిక్కు చూసింది. నేను కొంగు కప్పుకున్న.

ఇగ యాది చేస్కో. లగ్గమైన మూడో నెల. నీ దోస్తుల ముందట "ఇగ తాగింది చాలు" అన్ననని చెంప మీద ఒక్కటిచ్చినవ్. కండ్లు చీకట్లయి కింద పడ్డ. నువ్వేమన్నవ్? "స్వరూపా, నాటకాలు చెయ్యకు, లే." లేపనీకి ఇంకో రెండు కొట్టినవ్, గదే చెంప మీద! ఆగబోతున్న గుండెను దెబ్బలతోని లేపుతరా ఎవలన్న?

ఎన్నిసార్లు పడ్డనో లెక్కనే లేదు. ఒకసారి గడప తగిలి పన్ను ఊడింది. ఒకసారి తెలివొచ్చేసరికి చీరె తడిసి ఉన్నది. నువ్వు పక్కకు నిలబడి నవ్వుతున్నవ్. మీ అవ్వ "దీనికి గాలి సోకింది" అన్నది. వేములవాడ రాజన్న గుడికి తీస్కపోయి మూడుసార్లు నాతోని కోడెను కట్టేసే మొక్కు చెల్లిపిచ్చిరి. రాజన్న ఏం జేస్తడు పాపం? కోడెను కట్టేసిరి గని నీ చెయ్యిని ఎవ్వలు కట్టెయ్యకపోతిరి.

నా సంగతి ఇడిచిపెట్టు. నేను పడ్డ, లేచిన, మల్ల అన్నం వండిన. మొన్న ఐతారం నాడు దీక్షిత ఏం చేసిందయ్యా? తొమ్మిదేండ్ల పిల్ల. "బాపూ, అవ్వను కొట్టకు" అని నడిమిట్లకొచ్చి చేతులు అడ్డం పెట్టింది. నాకు రావాల్సిన దెబ్బ దానికిచ్చినవ్. నిలబడ్డ పిల్ల నిలబడ్డట్టే కూలింది. కనుగుడ్లు పైకి పోయినయి. పెదవులు నీలమైనయి. ఎద మీద చెవి పెట్టి ఇన్న, ఏం చప్పుడు లేదు.

నువ్వేమన్నవ్? "తల్లి నాటకం బిడ్డ గూడ నేర్సింది." అని, దాన్ని లేపనీకి మల్ల చెయ్యెత్తినవ్!

గప్పుడు రోకలి నా చేతికెట్లొచ్చిందో నాకెర్కలే. ఉహూ, ఎర్కలే అంటే అబద్ధం. మూలకు పోయి నేనే తెచ్చిన. చెంప చూసుకొనే కొట్టిన. ఎండిన మక్కకట్టె ఇరిగినట్టు చప్పుడైంది. నువ్వు పడ్డవ్, పండ్లల్లకెళ్లి నెత్తురు కారవట్టింది. నేను నీ దిక్కు చూడలే. బిడ్డను ఎత్తుకొని నిన్ను దాటి బయటికి ఉరికిన. వాకిట్లకు పోయినంక కండ్లు తెరిచింది నా తల్లి.

డాక్టరమ్మకు బిడ్డ కూలిన ముచ్చట గూడ చెప్పిన. "ఇంకో దెబ్బ తగిలితే మల్ల లేస్తదని నేను చెప్పలేనమ్మా" అన్నది.

మరి నిన్న ఫోన్ల ఏం రాసి చూపెట్టినవ్ నాకు? "బిడ్డను కాగజ్‌నగర్ల మీ అవ్వగారింటి నుంచి తీస్కరా. నేనొచ్చేటాళ్లకు ఇంట్ల ఉండాలె. మీ ఇద్దరి సంగతి చెప్త." తీగెలు ఇంకా ఊడనే లేదు, గప్పుడే సంగతి చెప్తవా?

అది రాసి, సూదిమందుకు నిద్రవోయినవ్. తడిబట్టతోని నీ మొహం తుడిచిన. తుడుస్తు తుడుస్తు చెంప మీద, కుట్ల పక్కకు బొటనవేలు పెట్టిన. గా టీవీల గుండె లెక్క డెబ్బై ఆరు ఉన్నది. జర ఒత్తిన. అరవై. ఇంకింత ఒత్తిన. నలభై ఒకటి! పన్నెండేండ్లల్ల నీ గుండె నా మాట ఇన్నది గదే మొదటిసారి. గంట మోగింది, సిస్టర్ ఉరికొచ్చింది. "తుడుస్తుంటే చెయ్యి తగిలింది" అన్న.

తగల్లే. ఒత్తిన. సిస్టర్ చెప్పుల చప్పుడు ఇని వేలు తీసిన గని, నీ మీద జాలి పడి తియ్యలే. ఆమె ఇంకో వార్డుల ఉంటే ఏం జేస్తుంటినో నాకే తెల్వది. నాకే భయమైతున్నది.

బెల్లు కోసం దేవులాడుతున్నవా? నీ చేతికాన్నే ఉన్నది, నొక్కు. ఫోన్ల రాసి అందరికి చూపెట్టు. పోలీసులను పిలువు, జైలుకు తోలు, పోత. బిడ్డను మాత్రం మల్ల అడగకు.